బేదఖలు – పునర్నిర్మాణము : నల్లగొండ, మహబూబునగరము సీమల వాఙ్మయమున నొక విచారణము

ఒకని గృహమున మరియొకడు కిరాయ యొసగి నివసించుట, ఒకని పొలమును మరియొకడు కౌలునకు గొని దున్నుట లోకమున మిక్కిలి ప్రాచీనములైన వ్యవహారములు. ఇవి ముగియు తీరులు రెండు. నివాసి తానై వెడలిపోవుట యొకటి. యజమాని వెడలగొట్టుట రెండవది. ఈ రెండవ దానికి యజమానులు చెప్పు కారణములలో కట్టడము శిథిలమైనది, దానిని పడగొట్టి మరల గట్టవలెను అనునది మిగుల గౌరవప్రదముగ గన్పట్టును. అది నివాసిపై నేరము మోపదు. యజమానికి లోభ మంటగట్టదు. గోడలను, దూలములను సాక్ష్యముగ జూపును. కాని యీ కారణమునకు వేఱొక లక్షణము గలదు. వెడలగొట్టుట నేడు జరుగును; కట్టుట రేపు జరుగవలసియుండును. నేటి కార్యమునకు రేపటి మాట సమర్థనమగుచున్నది. ఆ మాట నిలిచినదా, నిలిచినచో కట్టిన యింట వెడలిన వానికి చోటు దొరకినదా యను ప్రశ్నయే యీ విషయమునకు ప్రాణము. ధర్మశాస్త్రములును, శాసనసభల చట్టములును, ప్రజాసాహిత్యమును ఈ ప్రశ్నను ఎంతవఱకు బట్టుకొన్నవో పరిశీలించుట యవసరము.

ఈ పరిశీలనమునకు నల్లగొండ, మహబూబునగరము సీమలు తగిన క్షేత్రములు. చాళుక్యుల శాసనములు, నైజాము కాలపు పారసీక వ్యవహారము, దేశ్‌ముఖుల గడీలు, 1946 మొదలు 1951 వఱకు సాగిన రైతాంగ పోరాటము, ఆ పిమ్మటి కౌలుదారీ చట్టములు, జలాశయముల క్రింద మునిగిన గ్రామములు, మరల గట్టబడిన దేవాలయములు – ఇవన్నియు నొకే సీమయందు పొరలు పొరలుగ నున్నవి. ఆ పొరలు ముందుగా గానవచ్చునది భాషయందే.

కిరాయదారుని గూర్చిన మాటలు తెలంగాణమున మూడు తెగలుగ నున్నవి. సంస్కృతమున అవక్రయము, స్తోమము అనునవి అద్దెకు పేర్లు. నిష్కాసనము వెడలగొట్టుటకు పేరు. రాజవ్యవహారముద్వారా పారసీక, అరబ్బీ భాషలనుండి దిగినవి కిరాయ, కౌలు, దఖలు, బేదఖలు, ఖాళీ, రాజీనామా మున్నగునవి. అచ్చతెనుగున నున్నది వెళ్ళగొట్టుట. దఖలనగా ప్రవేశము, స్వాధీనము. ‘బే’ యనునది లేమిని దెల్పు పారసీకోపసర్గము. కావున బేదఖలనగా స్వాధీనము లేని స్థితి. ఎవడు చేసెను, ఏ బలముతో జేసెను అను సంగతి యీ పదమున దెలియదు, ఫలమొక్కటే తెలియును. ఇల్లు ఖాళీయైనదన్నపుడు ఇంటి స్థితియే చెప్పబడును గాని యందుండిన మనుష్యుని స్థితి చెప్పబడదు. అచ్చతెనుగు క్రియయందు మాత్రము ‘కొట్టు’ అను మాట నిలిచియుండుటచే, దెబ్బ కొట్టినవాడును తిన్నవాడును స్ఫురింతురు. కచేరీ కాగితములయందు మొదటి రెండు తెగల మాటలే చెల్లినవి. మూడవది ఊరి నోట మిగిలినది. ఈ విభాగము యాదృచ్ఛికము కాదు. వ్రాతయందు కర్తను మఱుగుపఱచు పదములకే మన్నన యెక్కువ.

శాస్త్రములను జూచినచో నాశ్చర్యకరమైన సంగతి యొకటి కానవచ్చును. ఆర్. శామశాస్త్రి 1909లో మైసూరున ముద్రింపించిన కౌటిలీయార్థశాస్త్రమున, మూడవ యధికరణమందు గృహవాస్తుకమను ప్రకరణము గలదు. పునాదులు, పొరుగు గోడకు విడువవలసిన యెడము, నీరు పోవు కాలువలు, గవాక్షములు మొదలైన నిర్మాణవిధుల నది వివరించును. ఆ ప్రకరణముననే అవక్రయమిచ్చి యుండువానిని గూర్చియు విధి గలదు. పొమ్మన్నను పోక నివసించు వానికి పండ్రెండు పణములు దండము. అవక్రయమిచ్చుచున్నవానిని వెడలగొట్టిన యజమానికిని అదే దండము. నివాసి తానై వెడలిపోవునెడల ఏటి అద్దెలో మిగిలిన భాగము నీయవలెను. వెడలగొట్టుటకు యజమానికి గల యపవాదములు పారుష్యము, చౌర్యము, సాహసము, స్త్రీసంగ్రహణము, మిథ్యాభోగము అనునవి మాత్రమే.

ఇందు గమనింపదగినవి రెండు. మొదటిది, ఉభయులకును దండము సమానముగ నుండుట. కౌటిల్యునకు యజమానిత్వ మొక హక్కు, నివాస మొక కృప అను భావము లేదు. రెండును వ్యవహారమున సమానభారము గల పక్షములు. రెండవది మరియు ముఖ్యము. యజమానికి గల యపవాదములన్నియు నివాసి దోషములే. మరల గట్టుకొందునను కారణము వానియందు లేదు. గోడలు కట్టుట, పడగొట్టుట, కాలువలు తీర్చుట తెలియని శాస్త్రకర్తయైనచో దీనిని మఱపు అనవచ్చును. కాని యా ప్రకరణమంతయు నిర్మాణమును గూర్చినదే. నిర్మాణము నెఱిగిన శాస్త్రమే నిర్మాణమును నిష్కాసనహేతువుగ జెప్పకపోవుట సార్థకమైన మౌనముగ దలపదగును.

నారదస్మృతి యీ విషయమునే వేఱొక వైపునుండి చూచినది. పరుల నేలమీద ఇల్లు గట్టుకొని స్తోమమిచ్చుచు నివసించినవాడు వెడలునపుడు గడ్డి, కొయ్య, ఇటుక మొదలగు వానిని వెంట గొనిపోవచ్చును. స్తోమమీయక యజమాని యిష్టమునకు విరుద్ధముగ నుండినవాడు వానిని విడిచిపోవలెను. కౌటిల్యుడు నివాసి కాలమును రక్షించెను. నారదుడు నివాసి శ్రమను రక్షించెను. నేల యొకనిది, కట్టడము వేఱొకనిది కావచ్చునను వివేకము నారదునియందు స్పష్టము. తెలంగాణపు పల్లెలలో దొర నేలమీద గుడిసె వేసికొన్న పాలేరు, కౌలుదారు, వృత్తిపనివాడు అనువారి స్థితికి ఈ వివేకమే మూలసూత్రము. వాసములును తాటికమ్మలును వానివి. నేల మాత్రము వానిది కాదు.

మరల గట్టుట యను కారణమునకు ప్రాచీనలోకమున ప్రవేశము లేదని చెప్పుటకు వీలులేదు. రోమకచక్రవర్తి కారకల్లా క్రీ.శ. 214లో నొక కిరాయదారున కిచ్చిన ప్రత్యుత్తరము, తరువాత జస్టీనియనుని ధర్మసంహితయందు జేర్చబడినది. అద్దె పూర్తిగ జెల్లించువానిని అతని యిష్టమునకు విరుద్ధముగ వెడలగొట్టరాదు. యజమాని తన సొంత వాడుకకు ఆ యిల్లు అవసరమని ఋజువు చేసినను, ఇల్లు బాగుచేయ గోరినను, నివాసి దుష్ప్రవర్తనుడైనను మాత్రమే వెడలగొట్టవచ్చునని యందలి తీర్పు. కౌటిలీయమునందు లేని హేతువు రోమునందు దొరకినది. కాని యందొక లోపము గలదు. సొంత యవసరమునకు ఋజువు కావలెనని చెప్పిన యా తీర్పు, బాగుచేయుటకు కోరికయే చాలునన్నట్లున్నది. బాగుచేసిన పిమ్మట వెడలినవాడేమగునో చెప్పలేదు. నేటివఱకు కిరాయదారులను బాధించుచున్న సందు ఆ మౌనమందే యున్నది.

ఈ శాస్త్రవాక్యములు దక్షిణ తెలంగాణమునకు దూరపు సంగతులు గావు. మితాక్షరను రచించిన విజ్ఞానేశ్వరుడు కల్యాణి చాళుక్యరాజగు ఆరవ విక్రమాదిత్యుని (1076–1126) యాశ్రయమున నుండెను. ఆ రాజ్యమున నల్లగొండ సీమలోని కొలనుపాక ప్రముఖ స్థానము. తుంగభద్రాతీరమందలి అలంపురమును కల్యాణి చాళుక్యుల శాసనములు గల క్షేత్రమే. పదుమూడవ శతాబ్దమున కేతన మితాక్షర ననుసరించి విజ్ఞానేశ్వరీయమును తెనుగు పద్యములలో రచించెను. వ్యవహారధర్మము తెనుగున జెప్పదగినదను సంగతిని కేతన కృతి స్థాపించినది. కాని యటుపిమ్మట శతాబ్దములపాటు న్యాయము తెనుగున బలుకక, మొదట సంస్కృతమునను, పిదప పారసీకమునను, ఉర్దూభాషయందును బలికినది. నైజాము రాజ్యమున నల్లగొండ కౌలుదారునకు తన్ను వెడలగొట్టు కాగితము చదువుకొనుటకు రాని భాషయందుండెను. కాగితపు భాషకును ఇంటి భాషకును నడుమనున్న యీ యెడము బేదఖలు చరిత్రయందొక ముఖ్యభాగము.

ఆ కాగితములలో మిక్కిలి విచారింపదగినది రాజీనామా. రాజీ యనగా సమ్మతి. నామా యనగా పత్రము. నేటి తెనుగున నుద్యోగమును విడుచుటకు ఈ మాట వాడుకయందున్నను, భూమిశిస్తు వ్యవహారమున రైతు తన భూమిని విడిచినట్లు వ్రాసియిచ్చు పత్రమునకు ఇది పేరు. పేరునందే సమ్మతి యున్నది. గడీ ముంగిట నిలువబడి వేలిముద్ర వేసినవాని సమ్మతి యెట్టిదో పత్రము చెప్పజాలదు. సాహిత్యవిమర్శయందు ‘వాచ్యము’, ‘వ్యంగ్యము’ అను భేదమును పాటించు పండితులు ఈ పత్రమున వాచ్యము సమ్మతియు, వ్యంగ్యము భయమును అని గ్రహింపగలరు. ఇట్టి పత్రములను చరిత్రసామగ్రిగ గైకొనువారు వాచ్యమును మాత్రమే గైకొన్నచో చరిత్ర తలక్రిందగును.

ఈ శంక విమర్శకులది మాత్రమే కాదు, చట్టమునకును గలిగినది. 1354 ఫసలీయందు, అనగా 1945లో, నైజాము ప్రభుత్వము అసామీ షిక్మీల రక్షణకై చట్టము చేసెను. పిమ్మట 1950లో హైదరాబాదు కౌలుదారీ, వ్యవసాయభూముల చట్టము వచ్చినది. రక్షిత కౌలుదారుడు భూమిని విడిచిపెట్టుట వ్రాతపూర్వకముగ నుండవలెననియు, తహసీలుదారు నెదుట నతడు దాని నొప్పుకొనవలెననియు, అది సద్బుద్ధితో జరిగినదని తహసీలుదారు తృప్తి జెందవలెననియు నది విధించినది. సమ్మతిపత్రమును చట్టమే నమ్మలేదనుటకు ఇంతకంటె నిదర్శనము వలదు.

ఆ చట్టముననే భూస్వామికొక మార్గము విడువబడినది. తానే స్వయముగ సేద్యము చేసికొనుటకై, కొన్ని పరిమితులకు లోబడి, కౌలును ముగింపవచ్చును. పొలమునకు స్వయంసేద్య మెట్టిదో యింటికి పునర్నిర్మాణ మట్టిది. రెండును రాబోవు కార్యమును జూపి యున్నవానిని తొలగించు హేతువులే. చట్టకర్తలకు ఈ సందు తెలియును. కావుననే, భూస్వామి యేడాదిలోపల తాను సేద్యము చేయనిచో భూమిని మరల కౌలుదారున కప్పగింపవలెనని విధించిరి. రేపటి మాట తప్పినచో నేటి కార్యము రద్దగునని దీని యర్థము. కౌటిల్యుని దండముకంటెను, నారదుని తృణకాష్ఠములకంటెను ఇది యొక యడుగు ముందున్నది.

విధి యట్లుండగా ఫలమెట్లున్నది? జాగీరుల రద్దును, హైదరాబాదు రాష్ట్రమందలి భూసంస్కరణలను పరిశోధించి ఎ.ఎం. ఖుస్రూ 1958లో ప్రకటించిన గ్రంథమున దీని కుత్తరము గలదు. 1951నాటి రక్షిత కౌలుదారులు నూర్గురిలో, నాలుగేండ్ల పిమ్మట ఆ స్థితియందే నిలిచినవారు సుమారు 45 మంది. భూమిని గొని యజమానులైనవారు సుమారు 12 మంది. చట్టప్రకారము తొలగింపబడినవారు ముగ్గురు లోపల. చట్టవిరుద్ధముగ తొలగింపబడినవారు 22 మంది. తమంతట విడిచినట్లు వ్రాయబడినవారు 18 మందికి దగ్గఱ. ఈ లెక్కలో విమర్శకుని దృష్టి నాకర్షించునది కడపటి వర్గము. చట్టప్రకారము తొలగింపబడినవారి కంటె తమంతట విడిచినవారు ఆఱింతలు! రాజీనామా యను పదమున సమ్మతి యెంతయున్నదో యీ యంకెలే తెలుపుచున్నవి. తొలగించుటకు న్యాయమార్గమున్నను యజమానులు దానిని ద్రొక్కలేదు. ఏలయన, ఆ మార్గమున మరల అప్పగింపవలసిన భయము గలదు. సమ్మతిపత్రమునకు తిరుగుదల లేదు.

నల్లగొండ జిల్లా చరిత్రమున ఈ తిరుగుదలకై జరిగిన యత్నములే ప్రసిద్ధవృత్తాంతములైనవి. అప్పటి జనగామ తాలూకాయందలి కామారెడ్డిగూడెమున షేక్ బందగీ తన భూమికై న్యాయస్థానమున పోరాడి గెలిచెను. గెలిచిన పిమ్మట విసునూరు దేశ్‌ముఖు మనుష్యులచే హతుడయ్యెను. అదే తాలూకాయందలి పాలకుర్తియందు చాకలి ఐలమ్మ మల్లంపల్లి భూస్వామివద్ద కౌలునకు గొన్న నేలను సేద్యము చేయుచుండగా, విసునూరు దేశ్‌ముఖు రామచంద్రారెడ్డి యా నేలను, పంటను వశపఱచుకొన యత్నించెను. సంఘమువారు పంటను గోసి యామె యింటికి జేర్చిరి. పుచ్చలపల్లి సుందరయ్య 1972లో ప్రకటించిన పోరాటచరిత్రమున ఈ రెండు వృత్తాంతములకును ప్రముఖస్థానము గలదు. బందగీ కథయందు తీర్పు వచ్చినది గాని తీర్పు పొందినవాడు నిలువలేదు. ఐలమ్మ కథయందు తీర్పు లేకయే ధాన్యము గడప దాటి లోపలికి వచ్చినది. ప్రజల నోట రెండవ కథ యెక్కువగ నిలుచుటకు హేతువిదియే కావచ్చును. దానియందు వెడలగొట్టబడవలసినవారు వెడలలేదు.

ఇక సాహిత్యము. బందగీ వృత్తాంతము మూలముగ సుంకర సత్యనారాయణయు, వాసిరెడ్డి భాస్కరరావును 1947లో ‘మా భూమి’ నాటకమును రచించిరి. ప్రజానాట్యమండలి దానిని ఆంధ్రజిల్లాలయందు పలుతావుల ప్రదర్శించినది. ఉర్దూ రచయిత కృషన్ చందర్ తెలంగాణ పోరాటమును గూర్చి వ్రాసిన నవల పేరు ‘జబ్ ఖేత్ జాగే’, అనగా పొలములు మేలుకొన్నపుడు. ఆ నవల నాధారము చేసికొని గౌతమ్ ఘోష్ దర్శకత్వమున 1979లో నిర్మింపబడిన చలనచిత్రమునకును ‘మా భూమి’ యనియే పేరు. నల్లగొండ జిల్లాలోని పోచంపల్లియందు 1951 ఏప్రిల్ 18న వెదిరె రామచంద్రారెడ్డి నూఱెకరములు దానమిచ్చుటతో వినోబా భావే యుద్యమ మారంభమైనది. దానికి భూదానమని పేరు. పోరాటమును జూచినను, దానమును జూచినను, నాటకమును జూచినను, నవలను జూచినను భూమియే నామము, భూమియే వస్తువు. ఇల్లను మాట యీ నామములలో నెచ్చటను లేదు.

దీని నొక లోపముగ నెన్నుట న్యాయమా యని శంకింపవచ్చును. భూమి జీవనాధారము, ఇల్లు భూమి ననుసరించి వచ్చునది, భూమి దక్కినచో నిల్లు దక్కును గదా యని సమాధానము చెప్పవచ్చును. ఇది కొంతవఱకు సత్యమే. మఱియు, వెట్టిచాకిరితో గట్టించిన గడీలు ఊరికి తలమీద నిలిచియున్న కాలమున, గుడిసె గోడను గూర్చి నాటకము వ్రాయుట రచయితలకు తోచకుండుట సహజమే. కాని యీ సమాధానము పూర్తిగ నిలువదు. చాకలి, మంగలి, కుమ్మరి, కంసాలి, చిల్లర వర్తకుడు, బడిపంతులు – వీరిలో పెక్కండ్రకు పొలము లేదు; పరుల నేలమీది యింటిలోనో, పరుల యింటిలోనో నివాసము. వీరికి భూమిపోరాటమున ఫలము పరోక్షము. వీరి బేదఖలు ప్రత్యక్షము. భూమికై మూకుమ్మడిగ నిలువవచ్చును. ఇల్లు విడువవలసినవాడు ఒంటరిగ నిలువవలసి వచ్చును. ఒక వీథిలో నొక కుటుంబము వెడలిపోయిన, ప్రక్కయింటివాడు జాలిపడును గాని సంఘము కట్టడు. ఒంటరి దుఃఖము వీరరసమున కొదుగదు. కావున వీరరసప్రధానమైన యా సాహిత్యమున దానికి స్థానము దొరకలేదు. లోపము రచయితల హృదయమున గాక, వారెన్నుకొన్న రసమున నున్నదనుట యుక్తము.

గృహవిషయమున సాహిత్యము మౌనము వహించినచోట చట్టము పలికినది. హైదరాబాదు రాష్ట్రమున 1954లో గృహముల కిరాయ, నిష్కాసనము, కౌలు అనువానిని నియంత్రించు చట్టము చేయబడినది. తరువాత 1960లో ఆంధ్రప్రదేశ్ శాసనసభ తత్తుల్యమైన చట్టమును రాష్ట్రమంతటికిని వర్తించునట్లు చేసినది. నల్లగొండ, మహబూబునగరము వంటి పురపాలకసంఘముల పరిధిలోని కట్టడములకే అది వర్తించును. పల్లెటి గుడిసె దాని రక్షణకు వెలుపలనే యున్నది. ఆ చట్టము పండ్రెండవ విభాగమున పునర్నిర్మాణము ప్రసక్తమైనది. మరమ్మతు చేయుటకో, పడగొట్టి కొత్తది కట్టుటకో యజమానికి కట్టడము సద్బుద్ధితో నిజముగ గావలసియున్నచో, ఖాళీ చేయుమని కిరాయదారున కాజ్ఞ యీయవచ్చును. కాని, పని ముగిసిన పిమ్మట ఆ కట్టడమును వెడలిన కిరాయదారునకే మరల నివాసమునకు జూపెదనని యజమాని మాట యొసగినగాని యట్టి యాజ్ఞ యీయరాదు.

కారకల్లా తీర్పునందలి సందు ఇందు పూడ్చబడినది. కౌటిలీయమున లేని హేతువు అంగీకరింపబడినది. అంగీకారమునకు మూల్యము విధింపబడినది. ఆ మూల్యము మరలివచ్చు హక్కు. పునర్నిర్మాణమునకు నిజమైన యవసరమున్న యజమాని యీ మూల్యము నిచ్చుటకు వెనుదీయడు. వానికి గావలసినది కొత్త యిల్లు. కిరాయదారుని వదలించుకొనుటయే యుద్దేశముగ గలవాడు వెనుదీయును. వానికి గావలసినది కొత్త కిరాయదారుడు. ఇట్లు సద్బుద్ధి యను నంతరంగవిషయమునకు చట్టము బహిరంగమైన పరీక్ష యేర్పఱచినది. విధియున్నను ఆచరణమున, కట్టడము ముగియువఱకు రెండు మూడేండ్లు గడచుట, ఆలోపల నివాసి వేఱొకచోట కుదురుకొనుట, కొత్త యింటి కిరాయ పాతదానికి పలుమడుంగులగుట సామాన్యముగ సంభవింపదగినవే. మరలివచ్చు హక్కు కాగితముపై నుండి కాలుబెట్టుటకు చోటులేనిదియైనచో, అది వేఱొక రాజీనామాయే యగును.

యజమానికిని న్యాయము చెప్పవలెను. శిథిలగృహము కూలినచో ప్రాణహాని. మరమ్మతు లేని యిల్లు నివాసికే మొదటి యపాయము. కిరాయ స్వల్పమై, ఇల్లు విడిపించుకొనుట దుర్లభమైనచో యజమాని గోడకు సున్నము వేయుటయు మానును. అంతట రక్షణచట్టమే శిథిలతకు హేతువగును. కావున పునర్నిర్మాణము వలదనుట ధర్మము కాదు. కౌటిల్యుని మౌనము నేటికి చాలదు. పునర్నిర్మాణము నంగీకరించి పునఃప్రవేశమును రక్షించుటయే యుభయులకును సమముగ జూచు మార్గము. కౌటిల్యుడు దండమున పాటించిన సమత్వము ఇట్లు మాత్రమే నేటి కాలమున నిలుచును.

మరల స్థాపించుట యసాధ్యమను వారికి మహబూబునగరము సీమయే ప్రత్యుత్తరము నిచ్చుచున్నది. శ్రీశైల జలాశయము క్రింద కర్నూలు, మహబూబునగరము జిల్లాలలో నూఱింటికి మించిన గ్రామములు మునిగినవి. 1981లో ప్రజలు ఖాళీ చేయింపబడిరి. కృష్ణా తుంగభద్రల సంగమమున కూడవెల్లియందుండిన సంగమేశ్వరాలయము విప్పబడి, అలంపురమున మరల గట్టబడినది. విప్పునపుడు ఏ రాయి యే వరుసలోనిదో గుర్తింపబడినందుననే యది సాధ్యమయ్యెను. అచ్చట ప్రజలు కిరాయదారులు కారు, ప్రభుత్వము వారి యిండ్ల యజమానియు కాదు. కావున నీ యుదాహరణము వ్యవహారమునకు గాక, పద్ధతికి మాత్రమే. నారదుడు నివాసికిచ్చిన తృణకాష్ఠేష్టకముల హక్కునకు ఇంతకంటె పరిపూర్ణమైన యాచరణము లేదు. అది దేవునికి జరిగినది. స్థానముల పట్టిక యున్నచో తిరిగి నిలుపుట సాధ్యమేయని శిలలు నిరూపించినవి. ఒక వీథియందలి కిరాయదారులకు అట్టి పట్టిక వ్రాయుట శిల్పశాస్త్రముకంటె కష్టమైన పని కాదు.

ఈ సంగతి సమీపకాలమున మరల స్ఫురించినది యాదగిరిగుట్టయందు. నల్లగొండ సీమలోని యీ నృసింహక్షేత్రమున 2016లో ప్రధానాలయ పునర్నిర్మాణ మారంభమై, 2022 మార్చి 28న మహాకుంభసంప్రోక్షణముతో ముగిసినది. ఆలయము కృష్ణశిలతో నిర్మింపబడినది. ఆ పునర్నిర్మాణ సందర్భమున కొండపైని దుకాణములును, కొండదిగువ రహదారులు విశాలము చేయునపుడు కొన్ని యిండ్లును, అంగళ్ళును తొలగింపబడినవి. ఆలయశిల్పమును వర్ణించు రచనలు పెక్కులు వచ్చినవి, వచ్చుట యుచితమే. కాని కొబ్బరికాయలు, పసుపుకుంకుమలు, ఆటవస్తువులు విక్రయించుచు క్షేత్రమును నమ్ముకొని బ్రదికినవారిలో నెవరెచ్చటికి వెడలిరి, ఎవరు మరల వచ్చిరి యను వృత్తాంతమును స్థలపురాణములు చెప్పవు. స్థలపురాణమున దేవుడు వెలసిన కథ యుండును, ఋషి తపస్సు చేసిన కథ యుండును. వీథి కథ యుండదు. నేటి స్థలపురాణమును వ్రాయువారికి ఆ కథ యావశ్యకము.

ఇట్టి రచనకు మార్గదర్శకుడు ఆ సీమయందే గలడు. మహబూబునగరము జిల్లాయందు 1896లో జన్మించి, 1926లో గోలకొండ పత్రికను స్థాపించిన సురవరము ప్రతాపరెడ్డి 1949లో ‘ఆంధ్రుల సాంఘిక చరిత్ర’ను ప్రకటించెను. రాజుల యుద్ధములను విడిచి జనుల యాహారము, వేషము, ఆటలు, ఆచారములు మొదలగువానిని కావ్యములనుండి యేర్చి కూర్చిన గ్రంథమది. 1955లో కేంద్రసాహిత్య అకాడమీ తెనుగునకిచ్చిన మొదటి పురస్కారము దానికే లభించెను. కావ్యములనుండి సాంఘికచరిత్రను దీయవచ్చునని ప్రతాపరెడ్డి చూపెను. కచేరీ కాగితములనుండి సాహిత్యమును దీయుట యింకను మిగిలియున్న పని. కిరాయ చీటీలు, రాజీనామాలు, తహసీలు కచేరీలలోని కౌలుదారుల పట్టికలు, కిరాయ నియంత్రణాధికారుల తీర్పులు – వీనియందు వెడలినవారి మాట చెదురుమదురుగ నున్నది. వానిని తెనుగు చేసి, పదములను విమర్శించి, సమ్మతియని వ్రాసినచోట సమ్మతి గలదో లేదో విచారించుట సాహిత్యపరిషత్తులకు తగిన కార్యము.

ఇంతవఱకు జూచిన గ్రంథములలో దేనిని శ్రేష్ఠమని చెప్పవలెనను ప్రశ్నకు ఒక్క ప్రమాణము సరిపోవును. అవక్రయమిచ్చువాని కాలమును కాపాడిన కౌటిలీయము మంచిది; శ్రమను కాపాడిన నారదస్మృతి మంచిది; మరల వచ్చు దారిని కాపాడిన 1950, 1960 సంవత్సరముల చట్టములు వానికంటె మేలైనవి. పంట గడప దాటి లోపలికి వచ్చిన ఐలమ్మ వృత్తాంతము జనుల మనసున నిలిచినదియు నీ ప్రమాణముననే. వెడలగొట్టిన దినమును మాత్రమే వర్ణించు కావ్యము సగము కావ్యము. కొత్త యిల్లు లేచిన పిమ్మట దాని ద్వారమున నెవడు నిలిచియున్నాడో చూచి వ్రాయు కావ్యము నల్లగొండ, మహబూబునగరము సీమలనుండి యింకను రావలసియున్నది. దానికి గావలసిన సామగ్రి యంతయు నచ్చటనే యున్నది.